ఫలక్‌నుమా వాలులో ఒక బావి నీళ్లు

ఎనభైల మొదట్లో మా డిగ్రీ కాలేజీలో పర్యావరణ శాస్త్ర పరిచయం అని కొత్త పేపరు పెట్టారు. గాలి, నీరు, నేల, ఏ జీవి దేని మీద ఆధారపడి బతుకుతుంది, ఇవన్నీ అందులో పాఠాలు. ఏడాది చివర ఒక ప్రాక్టికల్ ఉండేది. పాతబస్తీలో జనం తాగే నాలుగు బావుల నీళ్లు పట్టి తెచ్చి, పరీక్షించి, రికార్డు రాయాలి. ఇప్పుడు కాలేజీల్లో చదువుతున్న మీలో చాలామందికి ఇలాంటి ఫీల్డ్ ట్రిప్పులు ఉంటున్నాయని విని, నా మొదటి ప్రయాణం గురించి రాయాలనిపించింది. ఇన్నేళ్లుగా దీన్ని ఎవరికీ పూర్తిగా చెప్పలేదు.

మా నాన్న గుంటూరు నుంచి ఆఫీసు ఉద్యోగానికి వచ్చి సైదాబాదులో స్థిరపడ్డాడు. ప్రాక్టికల్‌లో నా జోడీ సుగుణ, కంచన్‌బాగ్ పిల్ల. ముందురోజు మా ఇంట్లో మందుల సీసాలను అరగంట సేపు మరిగే నీళ్లలో ఉంచి, మూతలు బిగించి సంచిలో సర్దుకున్నాం. శనివారం ఏడున్నరకల్లా మాదన్నపేట కూరగాయల మార్కెట్లో ఉన్నాం. అక్కడి బావిలో ఒక సీసా పట్టి, చేపల దుకాణంలో ఐసు ముక్కలు అడిగి తీసుకుని టిఫిను క్యారియరులో వేసుకున్నాం. పట్టిన నీళ్లు చల్లగా ఉండాలి, ఆరు గంటల లోపు ల్యాబుకు చేరాలి. అందుకే ఆ రోజంతా గడియారం చూస్తూనే తిరిగాం. ఎనిమిదింటికి చార్మినార్ బస్సెక్కాం, టికెట్టు ముప్పై అయిదు పైసలు. శాలిబండ దగ్గర మరో రెండు బావులు చూసుకుని, అక్కడి నుంచి రెండు రూపాయలకు రిక్షా మాట్లాడుకున్నాం. రిక్షా ఆయన ముసలివాడు. ఎక్కడికని అడిగితే బావి నీళ్లు పట్టడానికని చెప్పాం. "మీ ఇండ్లల్ల నల్లా లేదా బేటీ?" అన్నాడు జాలిగా. ఎత్తు మొదలైన చోట దిగిపోయి, ఆయన పక్కనే నడిచాం.

నాలుగో బావి ఫలక్‌నుమా వాలులో, ఇనుప సామాన్ల వర్క్‌షాపుల వెనక సందులో ఉంది. బాలమ్మ అనే ఆవిడ ఇంటి ముందర. రాతినేలలో ఆమె భర్త రెండు ఎండాకాలాలు గడ్డపారతో తవ్వాడట. ఆయన పోయి నాలుగేళ్లయినా సందంతా ఆ నీళ్లే తాగుతోందని గర్వంగా చెప్పింది. మా కోసం చేద వేసి నీళ్లు తోడింది ఆమె కోడలు సత్తెమ్మ. నా ఈడుదే, ఏడో నెల కడుపుతో ఉంది. బావికి పదిహేను అడుగులు కూడా లేని చోట, వాలుకు పైన, సందు మొత్తానికీ ఒకే పాయిఖానా గుంత కనిపించింది. గుంతలో ఊరిన నీరు నేలలో దిగి ఎటు పోతుందో నేను అంతకుముందే ఒక పరీక్షలో బొమ్మ వేసి మరీ రాశాను. బాలమ్మ స్టీలు గ్లాసుతో నీళ్లిచ్చింది. దాహం లేదని చెప్పి తిరిగిచ్చేశాను.

సీసా మీద పేరు రాస్తుంటే సత్తెమ్మ వంగి చూసింది. ఇందులో ఏం కనిపిస్తుందని అడిగింది. కంటికి కనపడని పురుగులుంటే తెలుస్తుందన్నాను.

"ఏం తేలిందో మాకు గూడ వచ్చి చెప్తవా అక్కా?"

వచ్చే వారమే వస్తానన్నాను. ఫలక్‌నుమా స్టేషన్లో పన్నెండున్నర ప్యాసింజరెక్కి కాచిగూడలో దిగి, ఒంటిగంటకల్లా సీసాలు ల్యాబులో ఇచ్చాం. సోమవారం చూస్తే బాలమ్మ బావి నీళ్లు పోసిన పరీక్ష గొట్టాలన్నిటిలోనూ గాలి బుడగలు లేచి ఉన్నాయి. నీళ్లలో మలం కలిసిందని దానర్థం. నాలుగింటిలో అదే అధ్వాన్నం. శ్రద్ధగా పట్టిక గీసి రాశాను. మేడమ్ సంతకం పెట్టి మంచి మార్కులు వేసింది. ఆ వారం వెళ్లలేదు. తరువాత పరీక్షలొచ్చాయి. వాళ్లు ఎప్పట్నుంచో తాగుతున్న నీళ్లే కదా, ఇంకో వారం ఆగితే ఏమవుతుందని అనుకున్నట్టు గుర్తు.

అయిదు వారాల తరువాత, పరీక్షలయ్యాక, ఒక్కదాన్నే వెళ్లాను. బాలమ్మ గడప దగ్గర కూర్చుని ఉంది. నన్ను గుర్తుపట్టింది. సత్తెమ్మ ఏదని అడిగాను. తొమ్మిది రోజుల కింద పోయిందని చెప్పింది. కామెర్లు వచ్చాయట. పసరు పోయించారట, తగ్గకపోతే పెద్ద దవాఖానకు తీసుకుపోయారట. రెండు రోజులు తెలివి లేకుండా పడి ఉండి, కడుపులో బిడ్డతో సహా పోయింది. సందులో మరో ముగ్గురికి కూడా కళ్లు పచ్చబడ్డాయి. నీళ్లతో వచ్చే కామెర్లు కడుపుతో ఉన్నవాళ్ల ప్రాణం మీదికి తెస్తాయని నేనప్పటికి చదవలేదు. అయినా చేతిలో ఉన్న రికార్డు పుస్తకం తెరిచి, బావి నీళ్లు చెడ్డవని తేలిందని చెప్పాను. ఆమె ఆ పట్టిక వైపు చూడలేదు.

"నీకెప్పుడెర్కైంది బిడ్డా?"

అబద్ధం చెప్పాలనిపించింది. "మీ దగ్గరికొచ్చిన రెండ్రోజులకే" అన్నాను.

సందులో ఎవరో ఇనుము మీద సుత్తితో కొడుతున్నారు. బాలమ్మ చాలా మెల్లగా అంది. "ఆ దినమే చెప్తే మసలబెట్టి ఇద్దును గద దానికి."

నేను ఏడ్చాను. ఆమె ఏడవలేదు, నన్ను ఊరుకోమనీ అనలేదు. లేచి గిలక మీద నుంచి తాడు విప్పి, చుట్ట చుట్టి ఇంట్లో పెట్టింది. తరువాత నన్ను వెంటబెట్టుకుని ఇంటింటికీ తిప్పింది. ప్రతి గడపలోనూ నా చేతే చెప్పించింది. ఈ నీళ్లు తాగకండి, తప్పకపోతే బాగా మరగబెట్టి తాగండని. మీ ఆయన తవ్విన బావినే వద్దంటావేందని ఒకావిడ అడిగితే, వద్దనే అంటున్నానంది. తిరిగి వచ్చేటప్పటికి మూడున్నర అయింది. నేను మంచినీళ్లు అడగలేదు. ఆమె ఇస్తాననలేదు.

ఆ కామెర్లు నేను నీళ్లు పట్టడానికి వెళ్లకముందే సత్తెమ్మకు అంటుకుని ఉండవచ్చని తరువాత ఒక డాక్టరు చెప్పాడు. ఆ మాట నన్ను కొన్నేళ్లు నిద్రపుచ్చింది, ఆ తరువాత పనిచేయడం మానేసింది. మా పేపర్లో నీరు ఎలా పాడవుతుందో, దాన్ని ఎలా కొలవాలో నేర్పారు. కొలిచాక ఎవరికి చెప్పాలో పుస్తకంలో లేదు, నాకు తోచనూ లేదు. ఇప్పటికీ సత్తెమ్మ ముఖం సరిగ్గా గుర్తులేదు, చేద తాడు పట్టుకున్న చేతులు మాత్రం గుర్తున్నాయి.

మీరు వెళ్తే ఒక్కటి చేయండి. అనుమానం వస్తే ల్యాబు ఫలితం కోసం ఆగకండి. సీసాకు మూత బిగించే ముందే ఆ ఇంటివాళ్లతో నీళ్లు మరగబెట్టుకోమని చెప్పండి. మీ అనుమానం తప్పయితే వాళ్లకు పోయేది కాసిన్ని కట్టెలే.