కిటికీ పక్కన పెట్టిన చుక్కలు

పోయినవి మొత్తం ఆరు. ఒక టికెట్ కిటికీ, దాని వెనక ఒక హీటరు, ఒక గోడ గడియారం, రెండు చెక్క బల్లలు, ఒక మనిషి. పోయిన వారం డండాక్ కాలేజీకి వెళ్ళే మా అమ్మాయిని ఐర్లండ్‌లో మేముండే ఊరి స్టేషనులో దింపడానికి వెళ్ళినప్పుడు, ఏనాడో మూసేసిన ఆ కిటికీ ఉన్నచోట పలక కొట్టి రంగు వేస్తూంటే చూసి, అలవాటు కొద్దీ ఇలా లెక్కవేసుకుంటూ నిలబడిపోయాను. "నాన్నా, ఐ'మ్ గ్రాండ్, గో హోమ్," అని, తను బాగానే ఉంది ఇంటికెళ్ళమని, అమ్మాయి తన ఐరిష్ యాసలో విసుక్కుని రైలెక్కింది. ఆ పిల్ల పుట్టకముందే ఆ కిటికీ వెనక వెచ్చగా కూర్చుందని దానికి నేనెన్నడూ చెప్పలేదు.

ఆ రోజుల్లో నేను గోదాములో సరుకు లెక్కలు రాసేవాణ్ణి. పెద్ద చదువు లేదు, లెక్కలు నాకు నేనే నేర్చుకున్నాను, కాబట్టి అవి తప్పవన్న గర్వం ఉండేది. మా ఆవిడ ఎనిమిదో నెలలోనూ రోజూ డబ్లిన్‌కు ఉద్యోగానికి వెళ్ళేది. నెల పాసు ఉండటంతో ఆమెకు టికెట్‌తో పనిలేదు. అయినా కిటికీ వెనక ఉండే పెద్దాయన ఆ చలిగాలిలో ఆమెను నిలబడనివ్వక, లోపలికి పిలిచి, హీటరు పక్కన తన కుర్చీ వేసి, రైలు వచ్చేదాకా తాను నిలబడి టికెట్లు ఇచ్చేవాడు.

అంతలో కిటికీ ఎత్తేస్తామని పైనుంచి నోటీసు వచ్చింది. వద్దని రాయడానికి మా వీధివాళ్ళంతా కలిసి, కిటికీని ఎంతమంది వాడుతున్నారో లెక్కకట్టే పని నాకు అప్పగించారు. "కిటికీ దగ్గరికొచ్చిన ప్రతివాళ్ళనీ రాసెయ్, లవ్," అంది, అందరినీ అలాగే పిలిచే పక్కింటి ఐరిష్ ఆవిడ. టికెట్ కొంటేనే లెక్క, లేకపోతే పైవాళ్ళు కొట్టిపారేస్తారని ఆమెకే పాఠం చెప్పి, మూడు ఉదయాలు చెక్క బల్ల మీద కూర్చున్నాను. కొన్నవాళ్ళు ఇరవై ముగ్గురు. కళ్ళజోడు మరిచిపోయి ఉత్తరం చదివించుకున్న ముసలమ్మ, ఏ ప్లాట్‌ఫారమో అడిగినవాళ్ళు, వాన గురించి నాలుగు ముక్కలు మాట్లాడటానికే రోజూ వచ్చే ఒంటరి మనిషి, ఇలాంటి వాళ్ళు వచ్చినప్పుడల్లా చేతులూరుకోక నోటుబుక్కు అంచున ఒక పెన్సిల్ చుక్క పెట్టాను గానీ, మొత్తంలో కలపలేదు.

ఆ సాయంత్రం కాగితం మా ఆవిడ చూసింది.

"మూడు రోజులూ ఆయన కుర్చీలో కూర్చున్నాను. మీ లెక్కలో నేనెక్కడున్నానండీ?"

"నువ్వు టికెట్ కొనలేదుగా."

"ఆయనా నన్ను టికెట్ అడగలేదుగా."

అయినా, లెక్కించడం అయ్యాక పద్ధతి మార్చడం అబద్ధమాడినట్టని నాకు నేనే చెప్పుకుని, ఇరవై మూడు అంకె ఉన్న కాగితాన్ని అలాగే ఇచ్చేశాను.

అమ్మాయికి ఆరో నెల వచ్చేసరికి, వాడేవాళ్ళు తక్కువని చెప్పి కిటికీ మూసేశారు. ఆఖరి రోజున క్షమాపణ చెప్పుకుందామని వెళ్తే, నేను నోరు విప్పకముందే ఆయన నవ్వి, "లెక్క గ్రాండ్‌గా వేశావు, అందులో తప్పేం లేదు," అని, పాప రాత్రిళ్ళు నిద్రపోతోందా అని అడిగాడు. తిట్టినా బాగుండేది. చుక్కల సంగతి చెప్పలేక చేయి కలిపి వచ్చేశాను, మళ్ళీ ఆయన కనబడలేదు.

ఇప్పుడు ఆ స్టేషనులో టికెట్ మిషను క్షణంలో ఇస్తుంది, రైలు వేళలు బోర్డు మీద వెలుగుతూంటాయి, ఏదీ ఎవరినీ అడగక్కర్లేదు, అందుకే కాబోలు ఎవరూ ఎవరినీ పలకరించరు. నా వయసువాళ్ళకు తెలిసే ఉంటుంది, పని తొందరగా అయిపోయి కూడా ఏదో మరిచిపోయినట్టు ప్లాట్‌ఫారం మీద వెనక్కి చూసుకోవడం. అమ్మాయిని దింపిన ఆ రోజు ఇంటికి వచ్చి పాత నోటుబుక్కు తీసి, మొదటిసారి ఆ చుక్కలను లెక్కపెట్టాను. అరవై ఒకటి. లోపల కూర్చున్నందుకు మా ఆవిడకు చుక్కయినా పెట్టలేదు, ఆమె మూడు ఉదయాలకూ మూడు కలిపాను. ఆయన తరఫున నేను రాయవలసి ఉండీ రాయనివారు, నేటికి అరవై నాలుగు.