కల్లం భోజనంలో బత్తాయి జెల్లీ

పోయిన వారం కోడలితో కలిసి సరుకులకని వెళ్ళాను. ఖమ్మంలో మా ఖానాపురం హవేలి దగ్గర కొత్తగా తెరిచిన దుకాణం అది. బుట్ట చేత్తో పట్టుకుని, కావలసినవన్నీ మనమే ఏరుకోవాలి. పప్పుల వరస దాటి పక్కకు తిరిగేసరికి అర నిండా జెల్లీ పొట్లాలు కనబడ్డాయి. నారింజ రంగువి, నిమ్మ రంగువి, పైన మీగడ వేసినట్టు బొమ్మ ఉన్నవీ. వేడి నీళ్ళలో కలిపి ఫ్రిజ్‌లో పెడితే చాలునట. నేను అక్కడే నిలబడిపోతే కోడలు వెనక్కి వచ్చి, "కావాలా అత్తమ్మా?" అని అడిగింది. వద్దన్నాను. ఒకప్పుడు ఈ జెల్లీ కోసమే ఒక ఎండాకాలమంతా కట్టెల పొయ్యితో కుస్తీ పట్టానని ఆ అమ్మాయికి అప్పటికప్పుడు ఏమని చెప్పను! ఇంటికొచ్చి కుక్కర్ పెట్టి కూర్చున్నాక అన్నీ ఒకటొకటిగా గుర్తొచ్చాయి. నా ఈడు వాళ్ళకైతే చెప్పుకోవచ్చుననిపించింది.

నేను పుట్టి పెరిగింది ఇల్లందులో. నాన్న బొగ్గుబాయిలో పనిచేసేవాడు. మా వరసలోనే నాలుగిళ్ళ అవతల, దవాఖానాలో నర్సుగా పనిచేసే మలయాళీ అక్క ఒకామె ఉండేది. ఆమె క్రిస్మస్‌కు పాలూ మీగడా కమలారసమూ కలిపి ఏదో గడ్డకట్టించి, గిన్నెల్లో వేసి వాడంతా పంచేది. చెంచా తగిలితే వణికేది, నోట్లో వేసుకుంటే నమలకుండానే జారిపోయేది. పిల్లలం దానికి వణుకు స్వీటని పేరు పెట్టాం. ఇంటర్ చదివే రోజుల్లో ఆమె వెనకాల తిరిగి ఎలా చేస్తారో చూశాను గానీ, ఆ వయసులో చూడడం వేరు, చేయడం వేరు. చూస్తే వచ్చేటట్టయితే మా వాడలో అందరమూ నర్సులమే అయ్యుండేవాళ్ళం.

పెళ్ళయ్యాక భద్రాచలం దారిలో అడవి అంచునున్న ఊరికి వచ్చాను. అత్తగారి వాళ్ళు రెండు తరాల కింద కృష్ణా జిల్లా నుంచి వచ్చి అక్కడ భూములు కొనుక్కుని స్థిరపడిన కుటుంబం. మిర్చి, పత్తి. చలి తగ్గే వేళకు ఇల్లూ వాకిలీ పెరడూ అన్నీ ఎర్రగా మారిపోయేవి. కొత్తలో నాకు తుమ్ములే తుమ్ములు, కళ్ళ నిండా నీళ్ళు. బాయి దుమ్ము పీల్చి పెరిగిన పిల్లకు మిర్చి ఘాటు ఓ లెక్కా అని ఊళ్ళోనే ఉన్న మా పెద్ద ఆడపడుచు నన్ను ఏడిపించేది. ఆమెకు నన్ను ఏడిపించకపోతే తిన్నది అరగదు, నాకు ఆమె లేకపోతే పొద్దు గడవదు.

ఆ ఇంట్లో మిర్చికి అసలు పరీక్షాధికారి మా అత్తమ్మ. కాయ చివర కొరికి, నాలుక మీద క్షణం ఉంచుకుని, ఇది వాగు పక్క చేనుదనీ, ఇది గుట్ట కింద చేనుదనీ చెప్పేది. ఎండబెట్టింది చాలిందో, ఇంకొక ఎండ కావాలో కూడా ఆ నాలుకే చెప్పేది. మామయ్య అంతటి మనిషి ఆమె తల ఊపనిదే బస్తా నోరు కుట్టనిచ్చేవాడు కాదు.

పంట మొత్తం ఖమ్మం మార్కెట్ యార్డుకు వెళ్ళిపోయాక వచ్చే ఆదివారం నాడు ఇంటిల్లిపాదీ కలిసి తినేవాళ్ళం. కొడుకులూ కోడళ్ళూ, ఆడపడుచులూ వాళ్ళ పిల్లలూ, దాయాదులూ అంతా వచ్చేవారు. మిర్చి ఎండబెట్టిన కల్లంలోనే పట్టాలు పరిచి, మోదుగాకు విస్తళ్ళు వేసి కూర్చునేవారు. అందుకే దాన్ని కల్లం భోజనమనే అనేవాళ్ళం. దానికో కట్టడి ఉండేది. బంతి మొదట్లో అత్తమ్మ కూర్చోవాలి, ఆమె మొదటి ముద్ద నోట్లో పెట్టుకునే దాకా ఎవరూ విస్తట్లో చెయ్యి పెట్టకూడదు. అంతకుముందు వండినవాళ్ళు కూడా ఉప్పు చూడకూడదు, ఎంగిలవుతుంది. ఉప్పు తక్కువైతే తక్కువైనట్టే తినాలి. ఎంత ఆకలేసినా చంటిపిల్లలు సైతం ఆమె చేతి వంకే చూస్తూ కూర్చోవడం నాకు భలే ముచ్చటగా ఉండేది.

అలాంటి అత్తమ్మకు నోట్లో పుండు లేచింది. మొదట పూత అనుకున్నాం. హైదరాబాదు తీసుకెళ్తే కాన్సరన్నారు. ఆపరేషన్ లేకుండా కరెంటు పెట్టారు, అప్పట్లో రేడియేషన్‌ను అంతా అలాగే అనేవారు. ప్రాణం దక్కింది, పుండూ మానింది. కానీ నోట్లో తడి ఆరిపోయింది, ముద్ద మింగుడుపడేది కాదు, అన్నిటికంటే ముఖ్యంగా రుచి పోయింది. ఏది పెట్టినా మట్టి తిన్నట్టే ఉందనేది. గంజి తాగేటప్పుడు మూతి పక్క నుంచి కారిపోతుంటే సిగ్గుపడి, గదిలోకి వెళ్ళి తలుపు దగ్గరికి వేసుకుని తాగేది. కొన్నాళ్ళకు మాతో కూర్చోవడమే మానేసింది.

ఆ ఏడు కల్లం భోజనానికి ఒంట్లో బాగాలేదని గదిలోనే పడుకుంది. మొదటి ముద్ద ఎవరు తినాలో తెలియక అందరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. ఆఖరికి మామయ్య తిన్నాడు. తిన్నాడంటే తిన్నాడంతే, రెండు ముద్దలు కెలికి లేచి చెయ్యి కడుక్కున్నాడు. పోయినవాళ్ళ కోసం ఏడ్వచ్చు గానీ, బతికుండి తలుపు వెనకాల కూర్చున్న మనిషి కోసం ఎలా ఏడవాలో నాకు తెలియలేదు. వచ్చే ఏడు ఆమెను బంతిలో కూర్చోబెట్టి తీరతానని ఆ రోజే అనుకున్నాను. నేను మొండిదాన్నని మా ఆయన ఇప్పటికీ అంటాడు, అననివ్వండి.

ఆమె మింగగలిగేది ఏదని ఆలోచిస్తే నర్సక్క చేసిన వణుకు స్వీటు గుర్తొచ్చింది. చల్లగా, మెత్తగా, నమిలే పని లేకుండా జారిపోతుంది. నిమ్మ పులుపు ఆ నోటికి మంట, కమలాలు ఎండాకాలం దొరకవు, కనుక బత్తాయి. అది ఎటూ రోగులకు ఇచ్చే రసమే. మీగడ ఉంటే ఎండిన నోటికి కాస్త నునుపు. ఇంకో మాట కూడా గట్టిగా అనుకున్నాను. ఇది ఆమె ఒక్కదానికే చేయకూడదు. వేరే గిన్నెలో వేరే తిండి పెడితే అది పథ్యమే అవుతుంది, ఆమె మళ్ళీ గదిలోకే పోతుంది. అందరి విస్తట్లో మొదట అదే పడాలి.

అనుకోవడం సులువే. ఖమ్మం నుంచి జెలటిన్ పొట్లం తెప్పించి, ఆ ఎండల్లోనే మొదలుపెట్టాను. ఊళ్ళో ఫ్రిజ్ ఎవరింట్లోనూ లేదు. తడి ఇసుకలో గిన్నె పెట్టి తెల్లారి చూస్తే కాస్త గట్టిపడ్డట్టే కనబడింది, పొద్దెక్కేసరికి మళ్ళీ పాలైపోయింది. "ఏమే మరదలా, మీ ఇల్లందులో పాయసాన్నే వణుకు స్వీటంటరా?" అని ఆడపడుచు గ్లాసులో పోసుకుని తాగింది. పైగా అది ఎముకల నుంచి తీస్తారని ఎవరో చెప్పగానే శనివారాలు నీసు ముట్టని మామయ్య ఆ గిన్నె వంక చూడడమే మానేశాడు. దాంతో చైనా గ్రాస్‌కు మారాను. అది సముద్రపు నాచు, ఎండకు కరగదు. ఆ పోచల్ని నీళ్ళలో కరిగించి, మరిగిన పాలలో పోసి, బత్తాయి రసం కలిపానో లేదో, పాలు ముక్కలు ముక్కలుగా విరిగిపోయాయి.

పాలు విరిగితే ఆ ఇంట్లో అపశకునం. అందులోనూ చేజేతులా పులుపు పోసి విరగ్గొట్టడం. మామయ్య ఆ సాయంత్రం గేదె పాలు తానే పితికి తానే లోపల పెట్టాడు. నేను మాత్రం మర్నాడు మళ్ళీ అడిగి పాలు తీసుకున్నాను. పాలు బాగా చల్లార్చి పోస్తే విరగలేదు, కానీ రసం కలిసేలోపే చైనా గ్రాస్ గడ్డకట్టి ఉండలు కట్టింది. వేడిగా ఉంటే విరుగుడు, చల్లారితే ఉండలు, మధ్యలో ఎక్కడో సందుంది, అది నాకు చిక్కదు. ఎన్ని గిన్నెలు కుక్కల పాలయ్యాయో చెప్పను, మా వీధి కుక్కలు మాత్రం ఆ ఎండాకాలం బాగా ఒళ్ళు చేశాయి.

చివరికి ఒక రోజు, చంటిపిల్లకు పోసే నీళ్ళ వేడి ఎలా చూస్తామో అలా, మోచేతి వెనక ఒక చుక్క వేసుకుని చూసి, ఇక ఇదే అని రసం పోశాను. విరగలేదు, ఉండ కట్టలేదు. ఇత్తడి తాంబాళంలో పోస్తే పొద్దుటికల్లా లేత పసుపు రంగులో నిలబడింది. కత్తితో ముక్క కోసి పెడితే ఆడపడుచు ఈసారి వెక్కిరించలేదు. నోరు మూసుకుని ఇంకో ముక్క తీసుకుంది. ఆమె నుంచి అంతకంటే మెప్పు ఎవరికీ దొరికింది లేదు. మళ్ళీ మిర్చి పండి యార్డుకు వెళ్ళేదాకా అప్పుడప్పుడు చేస్తూ చెయ్యి తప్పకుండా చూసుకున్నాను. అత్తమ్మకు మాత్రం రుచి చూపించలేదు. చూపిస్తే గదిలోనే తిని ఊరుకుంటుందని నా భయం.

ఆ ఆదివారం వచ్చింది. ఖమ్మం నుంచి బస్సు మీద బత్తాయిల గోనె వచ్చింది. ఇంతమందికి వడగట్టాలంటే నా చిన్న గుడ్డ చాలదని ఆడపడుచు మెత్తని పాత పంచె చింపి, ఉతికి, దండెం మీద ఆరేసి తెచ్చింది. ఆమే రసం వడగట్టింది, నేను పొయ్యి దగ్గర ఉన్నాను. తాంబాళాలన్నీ చక్కగా గడ్డకట్టాయి. కట్టడి ప్రకారం ఎవరమూ రుచి చూడలేదు.

బంతి వేశాక అత్తమ్మ గదిలోకి వెళ్ళాను. రానంటే రానంది. "అందరి ముందూ ఈ నోటితో ఎలా కూర్చోనే, నన్నొదిలెయ్" అని గోడ వైపు తిరిగింది. నాకు దుఃఖమూ కోపమూ ఒకేసారి వచ్చాయి. "ఇయ్యాల అందరి విస్తట్ల ముందుగాల ఒక్కటే పెట్టిన అత్తమ్మా, మీరు మింగగలిగేదే పెట్టిన. మీరు రాకుంటే ఎవ్వరం తినం, పిల్లలు గట్లనే ఆకలితోటి కూసుంటరు" అన్నాను. ఆమె లేచి కొంగు సర్దుకుంది.

బంతి మొదట్లో కూర్చుని ముక్క తుంచి నోట్లో పెట్టుకుంది. అందరి కళ్ళూ ఆమె మీదే. తర్వాత కనుబొమలు ముడిపడ్డాయి, కళ్ళలో నీళ్ళు తిరిగాయి. మంట పుట్టిందేమో, పులుపు తగిలిందేమో, నా మొండితనం కొద్దీ మానిన నోటిని మళ్ళీ రేపానేమో అనుకున్నాను. ఆమె నెమ్మదిగా, "ఏమిటే ఇదీ, కారంగా ఉందీ!" అంది.

తీపి జెల్లీలో కారమేమిటి? పాపం రుచి తెలియక అలా అంటోందని అందరూ తలలు దించుకున్నారు. ఆడపడుచు ఒక్కతే గబగబా తన ముక్క నోట్లో వేసుకుంది, మరుక్షణం దగ్గు. "అవ్, నిజమే! కారమే!" అని అరిచింది. అప్పుడు తెలిసింది. పంచె ఆరేసిన దండెం పక్కనే ఆ పొద్దున కల్లం ఊడ్చారు. ఆ మిర్చి దుమ్మంతా తడి బట్టకు పట్టింది, బట్టలోంచి రసంలోకి దిగింది. బంతి పొడవునా ఒక్కొక్కరే తిని ఒక్కొక్కరే దగ్గడం, పిల్లలు నాలుకలు బయటపెట్టి గంతులేయడం, నేను "అయ్యో, గిట్లెట్ల అయింది!" అని తల పట్టుకోవడం.

అత్తమ్మ మాత్రం నవ్వుతోంది. ఏడుస్తూనే నవ్వుతోంది. "కారం తెలిసింది, ఇన్నాళ్ళకి నోటికి కారం తెలిసిందయ్యా" అని మామయ్య వైపు చూసి అంది. నోట్లో ఉన్నదాన్ని అలాగే క్షణం ఉంచుకుని, "ఇది గుట్ట కింద చేనుది" అని తేల్చింది. మామయ్య తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. ఆ జెల్లీ ఆ పూట ఎవరూ పారేయలేదు, కళ్ళు తుడుచుకుంటూనే అంతా తిన్నారు. నేను వద్దన్నా వినకుండా ఆమె రెండో ముక్క పెట్టించుకుంది, ఆ పైన రెండు ముద్దల పెరుగన్నం మింగింది. బంతి లేచేదాకా అక్కడే కూర్చుంది. తర్వాత బతికినన్నాళ్ళూ మళ్ళీ గదిలో తినలేదు.

ఇప్పుడు ఆ ఊళ్ళో మాకు కల్లం లేదు, చేలు కౌలుకిచ్చేశాం. మా వాళ్ళు కలవడం మాత్రం మానలేదు, ఖమ్మంలో ఎవరో ఒకరింట్లో కలుస్తూనే ఉన్నాం. కానీ ఒకరికి పాలు పడవు, ఒకరు అన్నం తినరు, ఒకరికి ఉప్పు వద్దు, ఎవరి గిన్నె వారిదే. నాకు చక్కెర జబ్బు వచ్చిన దగ్గరనుంచి నా వంతు తీపి వేరే చిన్న డబ్బాలో వస్తోంది. కోడలు ఎంతో ప్రేమగా, మూత మీద గుర్తు పెట్టి మరీ తెస్తుంది. నేను నవ్వుతూనే అందుకుంటాను, ఎవరికీ ఏమీ తెలియనివ్వను. అందరూ అటు కూర్చుని తింటుంటే ఇటు ఆ డబ్బా మూత తీస్తున్నప్పుడు, మా అత్తమ్మ ఆ తలుపు ఎందుకు దగ్గరికి వేసుకుందో నాకు తెలుస్తుంది.

ఈ నెలాఖరుకు అందరూ మా ఇంటికే వస్తున్నారు. చక్కెర వేయకుండా, బత్తాయిలో ఎంత తీపి ఉంటే అంతే తీపితో, అందరికీ ఒకటే జెల్లీ చేస్తానని చెప్పేశాను. చప్పగా ఉంటుందని మనవలు ఇప్పటినుంచే గొణుగుతున్నారు. గొణగనీ. నేను మొదటి ముక్క తినేదాకా ఆగేవాళ్ళు ఇప్పుడెవరూ ఉండరని నాకు తెలుసు. అయినా అందరి ముందూ అదే ఉందో లేదో ఒకసారి చూసుకుని, అప్పుడు తింటాను.