కుడికాలి గజ్జెలు నావి, ఎడమకాలివి వాడివి

నాకూ నా దోస్తుకూ పాట నేర్పింది పెద్దపల్లి పక్క ఊరి పెద్దాయన ఒకరు. ఆయన మాకు నేర్పిన మొదటి పాట, తప్పిపోయిన తన బర్రె మీద కట్టుకున్నది. దాంతో పాటు ఒక గజ్జెల జత కూడా ఇచ్చారు.

తర్వాత నేను ఎర్రజెండా బృందంలో చేరాను. వాడు గెలిచే పార్టీ ఏదైతే అందులో చేరాడు. అలాగని నేనంటాను, జనం ఎటుంటే తాను అటని వాడంటాడు. విడిపోయేటప్పుడు గజ్జెల దగ్గర పంచాయితీ వచ్చింది. ఇద్దరమూ సిద్ధాంతం చదివినవాళ్లం కదా, సమానంగా పంచుకున్నాం. నాలుగేళ్లు నేను కుడికాలు ఎగరేసి విప్లవం పాడాను, వాడు ఎడమకాలితో అభివృద్ధి పాడాడు. బాణీ మాత్రం ఇద్దరిదీ ఆ బర్రె పాటే. బర్రె ఉన్నచోట నేను శ్రమజీవిని పెట్టాను, వాడు వాళ్ల నాయకుణ్ని పెట్టాడు. మా మధ్య మాటల్లేవు. హుజూరాబాద్ బస్టాండులో వాడు ఎదురైతే నేను బస్సు బోర్డులు చదివేవాణ్ని.

నిరుడు పెద్దాయన పోయారు. దినాల నాడు ఆయన ఫొటో ముందు బర్రె పాట ఉన్నదున్నట్టు పాడాలని ఆయన భార్య కబురు పెట్టింది. ఆమెను మేము అవ్వా అనే పిలుస్తాం. ఒక్కో కాలికి గజ్జె కట్టుకుని పక్కపక్కన నిలబడ్డాం. పల్లవి గడిచింది. చరణంలో నా నోట్లోంచి శ్రమజీవి వచ్చాడు, వాడి నోట్లోంచి నాయకుడు వచ్చాడు. ఆగిపోయాం. ఎంత గింజుకున్నా బర్రె గుర్తుకు రాలేదు. నాకు సిగ్గుతో ఏడుపొచ్చింది. వాడు కూడా కండువాతో ముక్కు తుడుచుకున్నాడు.

అవ్వ కూర్చున్నచోటి నుంచే అందుకుంది. చెలకలో వెతికినా, చెరువు గట్టున వెతికినా ఆ నల్లబర్రె దొరకలేదని గొంతు బొంగురుపోతున్నా పాడింది. మేము వెనక పాడాం. పాటయ్యాక ఆమె చెయ్యి చాపింది.

"గజ్జెలు రెండు ఇటియ్యున్రి. ఎవలకు గావాల్నన్నా ఇద్దరు కల్సి రావాలె."

మొన్న జైనూర్‌లో మా మీటింగు పడింది. ఇన్నేళ్ల పంతం మింగి వాడికి ఫోన్ చేశాను. వాడు అవ్వ ఇంటికి వచ్చాడు. అవ్వ ఎదురుగా నా రెండు కాళ్లకూ వాడే గజ్జెలు కట్టి, ముడి గట్టిగా లాగి చూశాడు.

"మీ పాట ఎట్లాగు మంచిగుండది," అన్నాడు. "ఎగురుడన్న సక్కగుండాలె."