వెనక్కి నడిచే నికానోర్

పెళ్లయి గైడు పనిలో చేరిన దగ్గర్నుంచీ నికానోర్ చుక్ ముందుకు ఒక్క అడుగు కూడా వేయలేదు. సరే, ఆదివారం చర్చికి వెళ్లేటప్పుడు వేస్తాడేమో. మిగతా రోజుల్లో మెక్సికోలోని తులుం శిథిలాల మధ్య యాత్రికుల వైపు ముఖం పెట్టి, గడ్డిటోపీ ఊపుతూ, పూర్వపు మాయా జాతి రాజుల కబుర్లు చెబుతూ వెనక్కే నడుస్తాడు. మడమలకు కళ్లున్నట్టు రాళ్లను తప్పించుకుంటాడు. ఆ రోజు మాత్రం బస్సు వెనకసీట్లో యాత్రల కంపెనీ యజమానురాలు సొకోర్రో కూర్చుంది. "నీ కబుర్లకు జనం ఆవలిస్తున్నారట. నిన్ను ఉంచాలో మానిపించాలో ఇవాళ తేల్చేస్తాను" అంది.

మధ్యాహ్నం ఈతకని నీటిగుహ దగ్గరికి చేరారు. "ఈ గుహను కాచే నీటిదొరల అనుమతి అడగనిదే ఎవరూ కాలు పెట్టకూడదు" అంటూ వెనక్కి నడుస్తున్న నికానోర్, గట్టు దాటి టోపీతో సహా దబ్బున నీళ్లలో పడ్డాడు. అందరూ గట్టు అంచుకు పరుగెత్తారు. కాసేపటికి నీలి నీళ్లలోంచి తల తేలింది. "దొరలూ, పడ్డాక అడుగుతున్నాను, ఏమీ అనుకోకండి. లోపలికి రావచ్చా?" అన్నాడు. ఇదీ యాత్రలో భాగమే అనుకుని జనం కేరింతలు కొడుతూ దూకేశారు. చివరికి సొకోర్రో కూడా చెప్పులతోనే దూకింది. సాయంత్రం సముద్రం ఒడ్డున ఉన్న ఊరి వీధిలో తడిబట్టల గుంపంతా కొబ్బరి ఐస్ చప్పరిస్తూ, పకపకా నవ్వుతూ అతనిలాగే వెనక్కి నడుస్తుంటే, దుకాణాల వాళ్లు బయటికొచ్చి చూశారు. "రేపూ అక్కడే పడు నికానోర్" అంది సొకోర్రో.

నికానోర్‌ని అడిగితే మాత్రం, "నేను పడటమేమిటి? ఆ రోజంతా జ్వరంతో ఊయల మంచం దిగలేదు. అసలు సొకోర్రో అమ్మగారికి ఈతే రాదు" అంటాడు.