హాలు గుమ్మం దగ్గర విప్పిన చెప్పులు

వాన పడిన రోజు మా హాబ్సన్‌విల్ ఇంటి గుమ్మంలో తడి రబ్బరు చెప్పుల వాసన వస్తే, నాకు మౌంట్ రాస్కిల్‌లో గడిచిన చిన్నప్పటి శనివారాలు గుర్తొస్తాయి. మా వీధి చివరి హాల్లో చలికాలమంతా మధ్యాహ్నాలు పిల్లలకి మూకీ సినిమాలు వేసేవాళ్లు. తెల్లజుట్టు ఆవిడొకరు తెర పక్కన కూర్చుని పియానో వాయించేది. హీటరు మీద కాలే దుమ్ము వాసన, తడి కోట్ల వాసన, అమ్మమ్మ కొంగున మూటగట్టి తెచ్చిన జంతికల్లోని వాము వాసన అన్నీ కలిసిపోయిన ఆ చీకట్లో, ఎప్పటివాళ్లో రాజకుమారులూ మంత్రగత్తెలూ కళ్లు పెద్దవి చేసి చేతులు తిప్పుతూ ఉండేవాళ్లు.

గుంటూరు నుంచి ఈ దేశానికి, మా దగ్గర ఉండటానికి వచ్చిన అమ్మమ్మకి ఇంగ్లిష్ ముక్క రాదు. టీవీ ముందు దిక్కులు చూసే మనిషి, ఈ సినిమాలకి మాత్రం నాకంటే ముందు తయారయ్యేది. మధ్యలో తెర మీద వచ్చే అక్షరాలు నేను చదివి చెప్పబోతే, "నువ్వుండవే, నాకు తెలుస్తోందిగా" అని తనే నాకు కథ చెప్పేది.

ఆ రోజు వేసింది చెప్పు జారవిడుచుకున్న పిల్ల కథ. ఆ పిల్ల మెట్లు దిగి పరిగెడుతుంటే అమ్మమ్మ నొచ్చుకుంది.

"రాజుగారింట్లోకి చెప్పులతో వెళ్లిందేంటే! గుమ్మం దగ్గరే విప్పుంటే ఇంత గొడవుండేదా?"

తను మాత్రం విప్పింది. మేజోళ్ల మీద తొడుక్కునే నీలం పట్టీల హవాయి చెప్పుల్ని ఎప్పటిలాగే హాలు గుమ్మం పక్కన వదిలింది. సినిమా అయి దీపాలు వెలిగాక, పియానో ఆవిడ వాటిలో ఒకదాన్ని పైకెత్తి, ఇది ఎవరిదని సరదాగా అడిగింది. పిల్లలంతా గొల్లుమన్నారు. నా పక్కనున్న మా క్లాసు పిల్ల అందరికంటే గట్టిగా నవ్వింది. నేను నోరు విప్పలేదు. అమ్మమ్మ లేవబోయి, నా మొహం చూసి మళ్లీ కూర్చుంది.

చెప్పులు రెండూ, ఎవరైనా పోగొట్టుకున్న వస్తువులు దాచే డబ్బాలోకి వెళ్లాయి. అమ్మమ్మ తడి రోడ్డు మీద మేజోళ్లతోనే ఇంటికి నడిచింది.

"పాతవేలేవే. పట్టీ ఎలాగూ తెగేట్టుంది," అంది.

అప్పటికి నాకు తొమ్మిదేళ్లు. మర్నాడు వెళ్లి తెద్దామని కూడా అనలేదు. ఆ సిగ్గు నాకు ఇప్పటికీ పోలేదు.

ఆ హాలు పడగొట్టి ఇళ్లు కట్టారు. అమ్మమ్మ పోయింది. ఆ సినిమాలు మాత్రం ఇప్పుడు ఫోన్లోనే దొరుకుతున్నాయి, ఏ వాసనా లేకుండా. మొన్న ఆదివారం నా కూతురు అదే కథ చూస్తోంది. తెర మీద రాజభటుడు చెప్పు పైకెత్తగానే నా వైపు తిరిగి, "హూజ్ షూ ఈజ్ దట్, అమ్మా?" అని అడిగింది.

"మా అమ్మమ్మది," అన్నాను.