గీత పడని డబ్బా

ఆ రోజుల్లో (మరీ రాజుల కాలమేమీ కాదు, నేను ఐర్లండ్‌లో దిగిన మొదటి ఏడాది) నాకు రెండు విషయాలు క్షుణ్ణంగా తెలుసునని నా నమ్మకం. ఒకటి కరెంటు, రెండోది కొత్త వస్తువుని చూసుకునే పద్ధతి. తొమ్మిదో తరగతిలో లెక్కల మాస్టారూ నేనూ పరస్పర అంగీకారంతో విడిపోయాక, తెనాలిలో ఒక వైరింగ్ మేస్త్రి దగ్గర ఏడేళ్లు నిచ్చెన పట్టుకున్నాను కనుక మొదటిది నా కష్టార్జితం. రెండోది వంశపారంపర్యం. మా నాన్న స్కూటరు అమ్మేసిన రోజున కూడా దాని సీటు మీద షోరూమువాళ్లు వేసిన ప్లాస్టిక్ కవరు అలాగే ఉంది (కొన్నాయన కూడా తీయకుండానే ఎక్కి కూర్చున్నాడు, మనవాడే).

మా ఆవిడ వాటర్‌ఫోర్డ్‌లో నర్సు. ఆవిడ వీసా పట్టుకుని వెనకాలే వచ్చిన మొగుణ్ణి నేను. తెలుగువాళ్ల విందుల్లో అందరూ సాఫ్ట్‌వేరువాళ్లో, మందుల ఫ్యాక్టరీ ఇంజినీర్లో. "మీరేం చేస్తుంటారు బ్రదర్?" అని ఎవరైనా అడిగితే, నేను నోరు తెరిచేలోపే మా ఆవిడ "ఎలక్ట్రికల్ సైడండీ" అనేసి వాళ్ల ప్లేట్లో ఇంకో గారె వేసేది. ఆ మాట నిజం చెయ్యడానికి ఒక ముసలి ఎలక్ట్రీషియన్ దగ్గర హెల్పరుగా చేరాను. ఆరు వారాలు చూసి, నచ్చితే ఉంచుకుంటానన్నాడు. ఎప్పుడు చూసినా ఇప్పుడో ఇంకాసేపట్లోనో కురిసేటట్టు ఉండేది ఆయన మొహం. అందుకని ఇంట్లో మేం ఆయనకి మబ్బాయన అని పేరు పెట్టుకున్నాం. రోజుకి పది మాటలు మాట్లాడితే అందులో ఆరు 'గ్రాండ్' అనేవే (అక్కడ 'బాగుంది'కీ 'సరే'కీ అదే మాట).

ఆరో వారం, నవంబరు. కార్లో అనే ఊరి దగ్గర ఒక పాలషెడ్డు. భర్త పోయాక ఒక్కతే ఆవుల్ని చూసుకుంటున్న పెద్దావిడది. పాత కరెంటు డబ్బా తుప్పు పట్టి చిల్లులు పడితే కొత్తది బిగించాలి. పొద్దుటి నుంచి వాన, బురద, పేడ వాసన. ఆకాశం కూడా ఆ షెడ్డు రేకులాగే ఉంది. మబ్బాయన నా చేతికి ఒక గీకుడు బ్లేడు ఇచ్చి, "ఎర్త్ వైరు బిగించే చోట రంగంతా గీకెయ్. ఇనుము తెల్లగా కనపడాలి. అప్పుడు బిగించు" అని చెప్పి (ఆ నెలకి అదే ఆయన పెద్ద ఉపన్యాసం) వ్యాన్ దగ్గరికి వెళ్లాడు.

డబ్బా చూశాను. కొత్త పెళ్లికూతురిలా ఉంది. బూడిదరంగు పూత, దాని మీద నీలం పల్చటి ప్లాస్టిక్ పొర. దీన్ని గీకాలా? నా చెయ్యి రాలేదు. పొర మీదనుంచే, రంగు మీదనుంచే ఎర్త్ వైరు నట్టు బలంగా బిగించాను, నలుగురొచ్చినా కదలనంత. మొదటిసారి ఒంటరిగా చేసిన పని కదా అని జేబులోని పొట్లం తీసి డబ్బా తలుపు మీద కుంకుమ బొట్టు కూడా పెట్టాను.

పెద్దావిడ వచ్చింది. "ఎంత ముద్దుగా ఉంది, గ్రాండ్!" అంటూ తడి చేత్తో డబ్బాని నిమిరింది. ఆవులు అప్పటికే గేటు దగ్గర అరుస్తున్నాయి, పాల వేళ అవుతోంది. నేను మురిసిపోతూ మెయిన్ స్విచ్ మీద చెయ్యి వేశాను.

"ఆగు."

వ్యాన్ దగ్గర్నుంచి వచ్చిన మబ్బాయన చేతి మీటరు ముల్లు ఒకటి ఎర్త్ వైరుకీ, ఇంకొకటి డబ్బా తలుపు బోల్టుకీ ఆనించాడు. రెండూ కలిసి ఉంటే మోగాల్సిన మీటరు మోగలేదు. నట్టు విప్పి చూశాడు. కింద నీలం పొర చెక్కుచెదరకుండా మెరుస్తోంది.

"ఎందుకు గీకలేదు?"

"కొత్తది కదా సార్... గీతలు పడతాయని."

తిడతాడనుకున్నాను. పెద్దావిడని టీ పెట్టమని లోపలికి పంపాడు. తర్వాత, రేకుల మీద వాన మోతలో, మెల్లగా చెప్పాడు. "ఇవాళ స్విచ్ వేసినా ఏమీ కాదు. ఏదో ఒక రోజు ఎలుక లోపలి వైరు కొరుకుతుంది. ఈ పొర అడ్డుంటే ఆ కరెంటుకి భూమిలోకి దారి లేదు, డబ్బాలోనే కూర్చుంటుంది. ఆవిడ తడి చేత్తో తలుపు తీసేదాకా." విప్పిన నట్టు నా అరచేతిలో పెట్టాడు. "ఇలాంటి షెడ్డులోనే మా అన్న పోయాడు. అప్పటికి వాడికి ఇరవై రెండేళ్లు. ఆ డబ్బా మీద కూడా ఒక్క గీత లేదు."

నా ఏడేళ్ల నిచ్చెన కాళ్ల కింద నుంచి జారిపోయినట్టయింది. బ్లేడు తీసుకుని గీకాను. వేళ్లు కొట్టుకుపోయేలా గీకాను. మీటరు మోగింది. ఆయన తనే స్విచ్ వేశాడు. వ్యాన్‌లో నన్ను ఇంటిదాకా తీసుకొచ్చాడు. దిగేటప్పుడు, "సోమవారం ఎనిమిదింటికి" అన్నాడు.

"ఏవండీ, ఉంచుకున్నాడా?" అంది మా ఆవిడ తలుపు తీస్తూనే.

"రమ్మన్నాడే."

"మరి ఆ మొహమేంటి? ఆయన మొహం మీరు పెట్టుకొచ్చారు!"

ఇప్పుడు నేను పరీక్షలు రాసి (లెక్కల మాస్టారు వింటే కళ్లు తిరిగి పడిపోతారు) సొంతంగా పని చేస్తున్నాను. మబ్బాయన లేడు, కిందటి చలికాలం పోయాడు. ఆయన బ్లేడు నా దగ్గరే ఉంది. మొన్న సిటీవెస్ట్‌లో ఒక తెలుగు అంకుల్ ఇంటి వెనక వర్క్‌షాపులో కొత్త డబ్బా గీకుతుంటే, "అయ్యయ్యో, కొత్తది కదా బాబూ, గీతలు!" అని గుండె పట్టుకున్నాడు. ఏం చెప్పను? ఆయన పోలికలన్నీ నావే. మీటరు మోగించి వినిపించి, "గ్రాండ్ అంకుల్" అన్నాను.

ఇంటికొచ్చి టీవీ పెట్టుకున్నాను. నాలుగేళ్లయినా మా రిమోట్‌కి ప్లాస్టిక్ కవరు అలాగే ఉంది. రిమోట్‌కి ఎర్తు అక్కర్లేదు కదా.