అత్త రోజూ అడిగే మాట

పక్షవాతం వచ్చాక ఉమామహేశ్వరమ్మ మాట ముద్దయిపోయింది. ఆళ్లగడ్డలో బట్టల అంగడి నడుపుకునే కోడలు వాసవికి తప్ప అది ఎవరికీ అర్థం కాదు.

నంద్యాల ఆసుపత్రిలో హిమబిందు అనే అమ్మాయి ఆ మాటలను ఫోనుకు నేర్పుతానంది. అత్త పలికే ప్రతి మాటకూ వాసవి అర్థం చెప్పాలి, ఫోను దాన్నే నేర్చుకుని, అందరికీ అర్థమయ్యేలా పలుకుతుంది. అన్నం, మందు, ఫ్యాను లాంటివి వాసవి తడుముకోకుండా చెప్పింది.

ఇంతలో అత్త రోజూ అడిగే మాట అడిగింది. చుట్టాల ముందు వాసవి "నీళ్లు అడుగుతాంది" అని దాటేసే మాట అది.

"ఇదేందక్కా?" అంది హిమబిందు.

ఫోనుకు తప్పు నేర్పితే, అత్త అడిగేది ఇక ఎవరికీ తెలియదు.

"భరణి యాడ, అంటాంది. నా మొగుడు. పోయిన ఎండాకాలం లారీ గుద్ది పోయినాడు. అప్పుడు అత్త ఆసుపత్రిలో ఉండె. చెప్పలేకపోయినా."

పక్కనే కూర్చున్న అత్త అంతా వింది. స్వాధీనంలో ఉన్న చేత్తో కోడలి చెయ్యి పట్టుకుని ఏదో అంది. ఫోనుకు అది అందలేదు.

"ఏమంటాంది?"

"నాకు తెలుసు, నువ్వెప్పుడు చెప్తావా అని చూస్తాండా, అంటాంది" అని వాసవి ఏడ్చేసింది.

ఆళ్లగడ్డకు తిరిగొస్తూ, కారులో ఆ ఇద్దరూ మొదటిసారి భరణి గురించి మాట్లాడుకున్నారు.